అఖా వంట బడి నుంచి ఝరాసంగం పొయ్యి దాకా

నేను ఝరాసంగం మండలంలోని ఒక తండాలో పుట్టి పెరిగినవాణ్ని. ముప్పై ఏళ్లు దాటేదాకా పొయ్యి దగ్గరికి పోయింది అన్నం అడగడానికే. అట్లాంటివాణ్ని డబ్బు కట్టి మరీ వంట నేర్చుకున్నాను. అది కూడా జహీరాబాద్‌లోనో హైదరాబాద్‌లోనో కాదు, థాయిలాండ్ ఉత్తరాన ఉన్న చియాంగ్ మై పట్టణంలో.

ఆఫీసు పని మీద నలుగురం బ్యాంకాక్ పోయాం. పని అయిపోయాక మూడు రోజులు మిగిలితే ఆ కొండల ఊరు చూద్దామని బయలుదేరాం. మిగతా ముగ్గురు గుళ్లు, ఏనుగులు అన్నారు. నా కాలు మాత్రం ఒక బోర్డు దగ్గర ఆగింది. థాయ్ వంటలు, అఖా వంటలు ఒక్క పూటలో నేర్పుతామని దాని మీద రాసి ఉంది. అఖా అంటే ఏమిటని మేం దిగిన హోటల్ పిల్లవాణ్ని అడిగితే, కొండల మీద ఉండే జాతి అన్నాడు. ఆ మాట అన్న తీరు నాకు కొత్తది కాదు. మన తండాల గురించి బస్టాండులో మాట్లాడుకునేవాళ్ల గొంతులో చిన్నప్పటి నుంచి విన్నదే. వెంటనే పేరు రాయించుకున్నాను. ఈ ప్రత్యేక సంచికలో మన చరిత్ర గురించి రాయమన్నప్పుడు నాకు మొదట గుర్తొచ్చింది ఆ పూటే. ఎందుకో చెప్తాను.

పొద్దున్నే మమ్మల్ని సంతకు తీసుకుపోయారు. అల్లం లాగే ఉండి అల్లం కాని గలంగల్ దుంప, నిమ్మగడ్డి, బఠానీ గింజంత వంకాయలు, గాటైన చేపల సాస్, కొబ్బరి పాలు. తర్వాత ఒక్కొక్కరి ముందు ఒక పొయ్యి, ఒక రాతి రోలు పెట్టారు. ఏడు దేశాల నుంచి వచ్చిన పదిమందిమి పచ్చిమిర్చి దంచడం మొదలుపెట్టాం. చిన్నప్పుడు మా యాడి దంచుతుంటే చూసిన చూపు ఉండబట్టి నా రోట్లోది ముందు మెత్తబడింది. ఎదురుగా ఉన్న జర్మనీ అమ్మాయి చేయి నొప్పి పుట్టి రెండుసార్లు ఆపింది.

నేర్పిన ఆమె అఖా స్త్రీ. వయసు నా అంతే ఉంటుంది. వంటల్లో ఎక్కువ భాగం థాయ్‌వే. గ్రీన్ కర్రీ, బొప్పాయి కాయ తురుముతో చేసే సోమ్ తమ్, మామిడిపండుతో జిగురు బియ్యం. అఖావి చివర్లో రెండు మూడు. వాటిలో సపి థోంగ్ అనేది టమాట, మిర్చి, వెల్లుల్లి, కొత్తిమీర కలిపి రోట్లో కచ్చాపచ్చాగా దంచే పచ్చడి. నోట్లో పెట్టుకోగానే నాకు నవ్వొచ్చింది. మన ఇంట్లో రాత్రి కూర చాలకపోతే నూరే టమాట కారానికి అది అక్క అవుతుంది.

తింటూ కూర్చున్నప్పుడు ఆమె తమ వాళ్ల కథ ఒకటి చెప్పింది. అఖాలలో ఇది తరతరాలుగా ఉన్న కథే. సృష్టి మొదట్లో దేవుడు ఒక్కో జాతికి ఒక్కో లిపి ఇచ్చాడట. అఖాల లిపిని గేదె తోలు మీద రాసి ఇచ్చాడు. దూరం నడిచి వస్తుంటే ఆకలి వేసింది. తినడానికి ఏమీ లేదు. ఆ తోలునే కాల్చుకుని తిన్నారు. అందుకే అఖాలకు లిపి లేదు, నేర్చుకున్నదంతా కడుపులోనే ఉంది. ఇంత చెప్పి ఆమె నవ్వి, పళ్లాల చుట్టూ చూసి ఒక్కొక్కరినీ అడిగింది: మీ వాళ్లు ఇంట్లో ఏం తింటారు?

నా వంతు వచ్చింది. "రైస్, చికెన్ కర్రీ" అన్నాను.

అబద్ధం కాదు. కానీ మా ఇంట్లో నన్ను పెంచింది జొన్న బాటి. ఆ మాట నోటి దాకా వచ్చి ఆగిపోయింది. ఆమె తన గేదె తోలు కథను పదిమంది పరాయివాళ్ల ముందు తల ఎత్తి చెప్పింది. నేను నా రొట్టె పేరు చెప్పలేకపోయాను. ఆ సిగ్గు ఎక్కడి నుంచి వచ్చిందని ఆలోచిస్తే అది నా ఒక్కడిదీ కాదు, నాతో మొదలైందీ కాదు. దానికో చరిత్ర ఉంది. అఖాలకూ అట్లాంటి చరిత్రే ఉంది. ముందు వాళ్లది చూద్దాం.

అఖాలు చైనాలోని యునాన్ కొండల నుంచి దక్షిణానికి దిగి వచ్చిన జాతి. వాళ్ల భాష టిబెటో–బర్మన్ కుటుంబానిది. బర్మాలోని షాన్ కొండలు, లావోస్, థాయిలాండ్, వియత్నాం సరిహద్దుల మీదుగా విస్తరించారు. థాయిలాండ్‌లో వాళ్ల ఊళ్లు వెలసింది ఇరవయ్యో శతాబ్దం మొదట్లో. అక్కడ ముఖ్యంగా చియాంగ్ రాయ్, చియాంగ్ మై జిల్లాల్లో ఉంటారు. ఊరి మొగదలలో చెక్క ద్వారం నిలబెడతారు. ఇవతల మనుషులు, అవతల అడవి, ఆత్మలు అని దాని లెక్క. కొండ వరి కోతకు రాకముందు ఊయల పండుగ చేస్తారు. ఆ రోజు ఆడవాళ్లు నగలన్నీ పెట్టుకుని ఊగుతారు. లిపి లేదు కాబట్టి పెద్దలు తమ వంశవృక్షాన్ని నోటితోనే చెప్తారు, అరవైకి పైగా తరాల పేర్లు వరుసగా. మన భాట్‌లు వంశాల పేర్లు చెప్పడం విన్నవాళ్లకు ఇదేమీ వింత కాదు.

వాళ్ల వ్యవసాయం మన గోండు, కోయ, కొండరెడ్డి సోదరుల పోడు లాంటిదే. కొండ వాలు నరికి, కాల్చి, విత్తి, కొన్నేళ్లకు ఆ నేలకు విశ్రాంతి ఇచ్చి పక్కకు పోతారు. వరి, కూరగాయలు తిండికి, నల్లమందు డబ్బుకు. థాయ్ ప్రభుత్వం 1950ల చివర్లో నల్లమందును నిషేధించింది. 1969లో రాజు భూమిబోల్ పేరు మీద కొండ ప్రాంతాల రాయల్ ప్రాజెక్టు మొదలై, నల్లమందు చోట కాఫీ, పండ్లు, కూరగాయలు వచ్చాయి. 1988లో చియాంగ్ రాయ్‌లో దోయ్ తుంగ్ ప్రాజెక్టు వచ్చింది. 1989లో దేశమంతా కలప నరకడం ఆపేశారు. అడవి రిజర్వు అయింది, పార్కు అయింది. పోడు చేసేవాడు తాత నాటి నేల మీదే నేరస్థుడయ్యాడు. చాలామంది కొండవాసులకు దశాబ్దాల పాటు పౌరసత్వం కార్డు కూడా లేదు. కార్డు లేనివాడు జిల్లా దాటి కూలికి పోవాలన్నా భయమే. పిల్లలు పట్నాలకు దిగారు. ఆడవాళ్లు వెండి టోపీలు, పూసలు రాత్రి బజార్లలో అమ్మారు. టూరిస్టులు వాళ్ల ఫోటోలు తీసుకున్నారు. వాళ్ల తిండి గురించి అడిగినవాళ్లు తక్కువ.

ఇక పక్క పళ్లెంలోని థాయ్ వంట సంగతి. దాన్ని ప్రపంచమంతా ఎందుకు కోరుకుంటుంది? రుచి ఒక్కటే కారణం అనుకుంటే పొరపాటు. ఫిబున్ సాంగ్‌క్రామ్ ప్రధానిగా ఉండగా 1939లో సయాం దేశం పేరు థాయిలాండ్‌గా మారింది. జాతి అంతా ఒక్కటే అని చూపించే ప్రయత్నంలో దుస్తులు, భాష, తిండి అన్నిటికీ ప్రభుత్వ ఉత్తర్వులు వచ్చాయి. ఈ రోజు ఏ దేశంలోనైనా దొరికే పాడ్ థాయ్ నూడుల్స్ ఆ కాలంలో ప్రభుత్వ ప్రచారంతో జాతీయ వంటకం అయింది. అంటే దానికి ఇంకా నూరేళ్లు నిండలేదు. 2002లో ఇంకో అడుగు వేసి, విదేశాల్లో థాయ్ హోటళ్ల సంఖ్య పెంచడానికి ఆ ప్రభుత్వం ఒక పథకమే పెట్టింది. తిండి వెనుక ప్రభుత్వం నిలబడితే దానికి గౌరవం ఎట్లా వస్తుందో చూడండి. వంట బడి బోర్డు మీద థాయ్ ముందు, అఖా వెనుక ఉండటానికి కారణం అదే. ఆ పెద్ద పేరు వేలు పట్టుకుని ఈ చిన్న పేరు లోపలికి వచ్చింది.

అయినా వచ్చింది గదా. ఆ కొండ పిల్లల్లో కొందరు పట్నంలో కూలీలుగానే మిగలకుండా తమ పేరుతో నిలబడ్డారు. 2010లో లీ ఆయు చుఎపా అనే అఖా యువకుడు తన ఊరి కాఫీ గింజలతో చియాంగ్ మైలో అఖా ఆమా అని కాఫీ కొట్టు పెట్టాడు. అఖా భాషలో ఆమా అంటే అమ్మ. మన యాడి, తెలుగువాళ్ల అమ్మ, వాళ్ల ఆమా. కొట్టు గుర్తుగా పెట్టుకున్నది వాళ్ల అమ్మ బొమ్మనే. నాకు వంట నేర్పిన ఆమె కూడా గరిటె తన చేతిలో పెట్టుకుని, తన కథ తన నోటితో చెప్పుకుంది. మధ్యలో ఇంకెవరో నిలబడి "వీళ్లు ఇట్లా తింటారు" అని చెప్పలేదు. ఆ పూట నేను చూసినవాటిలో నాకు అన్నిటికన్నా విలువైనదిగా తోచింది అదే.

ఇక మన సంగతికి వస్తాను.

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, మనది తిండి గింజలు మోసిన జాతి. గోల్కొండ వజ్రాల కోసం 17వ శతాబ్దంలో వచ్చిన ఫ్రెంచి వర్తకుడు టావెర్నియే దారిలో మన బిడారులను చూసి రాసిపెట్టాడు. పది, పన్నెండు వేల ఎద్దులు ఒకేసారి వరుసగా నడిచేవట. నాలుగు గుంపులు ఉండేవని, ఒకరు ధాన్యం, ఒకరు బియ్యం, ఒకరు పప్పులు, ఒకరు ఉప్పు మాత్రమే మోసేవారని చెప్పాడు. దండు ఎక్కడికి పోతే బంజారా ఎద్దుల వరుస అక్కడికి పోవాలి, లేకపోతే సైనికుడికి అన్నం లేదు. లంబాడీ అన్న పేరు లవణం నుంచి వచ్చిందని ఒక వాదన ఉంది. మన గోర్ బోలిలో ఉప్పును లూణ్ అంటాం. దక్కన్ వంటిళ్లలో ఎన్ని కుండల్లో మన ఎద్దుల మీద వచ్చిన ఉప్పు పడిందో ఎవరు లెక్క పెట్టారు?

1874లో వాడి నుంచి హైదరాబాద్‌కు రైలు వచ్చింది. రైలు నెమ్మదిగా ఎద్దుల వీపు మీది బరువంతా తీసుకుంది. బరువుతో పాటు బతుకూ పోయింది. 1871 నాటి నేరస్థ జాతుల చట్టం నీడ చాలా చోట్ల బంజారాల మీద పడింది. ఊరూరా తిరిగే మనిషిని అనుమానంగా చూడటం చట్టమే నేర్పింది. అది రద్దయింది 1952లో. బిడారు ఆగిన చోట తండా వెలసింది. ఊరికి దూరంగా, ఊరివాళ్లు వద్దనుకున్న ఎర్ర చెలకల అంచున. తెలంగాణ లంబాడీలను ఎస్టీలుగా గుర్తించడానికి 1976 సవరణ చట్టం దాకా ఆగాల్సి వచ్చింది. 2018 చట్టంతో 500 జనాభా దాటిన తండాలు పంచాయతీలయ్యాయి. ఈ తేదీలు మీకు పోటీ పరీక్షల పుస్తకాల్లో దొరుకుతాయి. ఆ పుస్తకాల్లో దొరకనిది, ఆ చెలకల మీద మన వాళ్లు ఏం తిని బతికారు అన్నది.

జొన్న తిని బతికారు. జొన్న కూడా మొదట ఇక్కడిది కాదు, వేల ఏళ్ల కింద ఆఫ్రికా నుంచి వచ్చింది. సపి థోంగ్‌లో, మన కారంలో పడే మిర్చి, టమాట రెండూ అమెరికా ఖండం నుంచి వచ్చినవి. మిర్చిని తెచ్చింది 16వ శతాబ్దపు పోర్చుగీసు ఓడలు. సంప్రదాయం అంటే కదలకుండా కూర్చున్నదని అనుకోకండి. మనలాగే అదీ నడిచి వచ్చింది.

మన పళ్లెం ఎట్లా ఉండేదో ఇప్పటి పిల్లలకు చెప్పాలి. జొన్న బాటి, పక్కన పుంటికూర. వాన పడ్డాక చెలకలో ఎవరూ విత్తకుండానే మొలిచే తుమ్మికూర, దొగ్గలికూర, జొన్నచెంచలి, గునుగు. చలికాలం అనుములు. నువ్వుల పొడి, అవిసె గింజల కారం. పండుగకో పెళ్లికో మేక కోస్తే నెత్తురుతో, లోపలి భాగాలతో చేసే సళోయి. సేవాలాల్ మహరాజ్ జయంతికి భోగ్ బండారోలో నెయ్యి, బెల్లపు తీపి నిప్పుకు సమర్పించి తర్వాత అందరూ తినడం. తీజ్ రోజుల్లో పెళ్లికాని ఆడపిల్లలు బుట్టలో గోధుమలు మొలకెత్తించి తొమ్మిది రోజులు నీళ్లు పోసి పాడటం. వీటిలో ఏ ఒక్కటీ ఎక్కడా రాసి లేదు. అఖాల లాగా మనకూ సొంత లిపి లేదు. తోలు తిన్న కథ లేదు గానీ సంగతి అదే.

ఇప్పుడు ఆ సిగ్గు దగ్గరికి వద్దాం. 1983లో ఎన్టీఆర్ ప్రభుత్వం కిలో రెండు రూపాయల బియ్యం తెచ్చింది. ఆ బియ్యాన్ని నేను తిట్టను. ఆ బియ్యం వచ్చాకే తన ఇంట్లో ఆకలితో పడుకోవడం పోయిందని మా తాత అనేవాడు, అది నిజం. కానీ దాంతో పాటు ఇంకోటి జరిగింది. అంతకుముందు తెల్లన్నం దొరల ఇంటిది, పండుగ నాటిది. అది రేషన్ షాపులో దొరకగానే బాటి పేదరికానికి గుర్తు అయింది. బళ్లో బియ్యం, హాస్టల్లో బియ్యం, దావత్‌లో బియ్యం. జొన్నకు కొనేవాడు లేడు. కొనేవాడు లేనిదాన్ని విత్తేవాడు తగ్గాడు. ఆ చేన్లలోకి చెరకు, పత్తి, సోయా, అల్లం, ఆలుగడ్డ వచ్చాయి. థాయ్ ప్రభుత్వం ఒక నూడుల్స్ వంటకాన్ని నెత్తిన పెట్టుకుంది, మన ప్రభుత్వాలు బియ్యాన్ని పెట్టుకున్నాయి. రెండు చోట్లా పిల్లలు నేర్చుకున్నది ఒకటే: సర్కారు దేన్ని పెడితే అదే మర్యాద గల తిండి. నేను హాస్టల్ నుంచి సెలవులకు వచ్చినప్పుడు యాడి బాటి పెడితే పళ్లెం పక్కకు నెట్టి అన్నం కావాలన్నాను. ఆమె ఏమీ అనలేదు. బియ్యం కడగడానికి లేచిపోయింది.

ఆ రోజుల్లోనే మన మండలంలోనే, మన తండాలకు కూతవేటు దూరంలో ఇంకో పని జరుగుతోందని నాకు చాలా ఆలస్యంగా తెలిసింది.

జహీరాబాద్ పక్కన పస్తాపూర్‌లో 1983లోనే డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ మొదలైంది. దాన్ని నడిపించిన పి.వి. సతీశ్ 2023 మార్చిలో కన్నుమూశారు. సుమారు 75 ఊళ్లలో ఆడవాళ్ల సంఘాలు ఏర్పడ్డాయి. వాళ్లలో ఎక్కువమంది దళిత మహిళలు, చదువు లేనివాళ్లు, ఎకరమో రెండెకరాలో ఉన్నవాళ్లు. ఇక్కడ ఒక మాట గట్టిగా చెప్పాలి. ఈ ఘనతను తండాల ఖాతాలో వేసుకోకూడదు. అది మన పొరుగు అక్కలది. మనం వాళ్ల దగ్గర నేర్చుకోవాల్సినవాళ్లం.

వాళ్లు చేసింది ఏమిటంటే, బీడు పడ్డ చెలకలను మళ్లీ దున్నించారు. 1990ల మధ్యలో ఊరి సంఘమే జొన్న సేకరించి, ఊళ్లోనే దాచి, కరువు నెలల్లో పేద ఇళ్లకు తక్కువ ధరకు ఇచ్చే ఏర్పాటు చేసుకున్నారు. రేషన్ షాపుకు జొన్నతో జవాబు చెప్పినట్టు. ఒకే చెలకలో జొన్న, కంది, కొర్ర, సామ, సజ్జ, అనుములు, బెబ్బర్లు, నువ్వులు కలిపి విత్తుతారు. నీళ్లు పెట్టక, మందు చల్లక వానకు, మంచుకు పండే వీటిని సత్యం పంటలు అంటారు. బిడకన్నె లాంటి ఊళ్లలో ఆడవాళ్లు విత్తనాలను బూడిద, వేపాకు కలిపి బుట్టల్లో పోసి, పైన మట్టి పూసి మరుసటి ఏటికి దాస్తారు. ప్రతి సంక్రాంతికి పాత పంటల జాతర. అలంకరించిన ఎడ్ల బండ్ల మీద విత్తనాల కుండలు పెట్టుకుని నెల రోజులు ఊరూరా తిరుగుతారు. ముగింపు చాలా ఏళ్లు మన మండలంలోని మాచునూర్‌లోనే జరిగింది. విత్తనాల బండ్ల వరుస ఊరూరా తిరగడం మనకు కొత్త దృశ్యం కాదు. మన ముత్తాతలు చేసింది అదే గదా.

అదే మాచునూర్‌లో 2008 అక్టోబరు 15న సంఘం రేడియో మొదలైంది. మైకు ముందు జనరల్ నర్సమ్మ, ఆల్గోల్ నర్సమ్మ. మన దేశంలో చదువుల సంస్థ కాని చోట వచ్చిన మొదటి కమ్యూనిటీ రేడియోల్లో అదొకటి. ఏ విత్తనం ఎప్పుడు వేయాలి, ఏ ఆకు ఎట్లా వండాలి, ఏ పాట ఏ పనికి అన్నవి జహీరాబాద్ యాసలోనే చెప్తారు. వాళ్లూ లిపి మీద ఆధారపడలేదు, గొంతును నమ్ముకున్నారు. జహీరాబాద్‌లో చిరుధాన్యాల భోజనం పెట్టే కేఫ్ ఎత్నిక్ కూడా వాళ్ల ప్రయత్నమే. 2019లో ఈ సంఘాల పనికి ఐక్యరాజ్యసమితి అభివృద్ధి కార్యక్రమం ఈక్వేటర్ బహుమతి ఇచ్చింది. 2023ను ప్రపంచమంతా చిరుధాన్యాల సంవత్సరంగా జరుపుకుంది. ఇప్పుడు హైదరాబాద్‌లోని చిరుధాన్యాల పరిశోధన సంస్థలో జొన్న ఇడ్లీ, కొర్ర ఉప్మా నేర్పే శిక్షణలు ఉన్నాయి. బయటి ఊళ్ల వాళ్లు, బయటి దేశాల వాళ్లు పస్తాపూర్ వచ్చి, సంతకం పెట్టడం రాని ఆడవాళ్ల ముందు కూర్చుని నోట్సు రాసుకున్నారు. నేను వెయ్యి బాత్‌లకు పైగా కట్టి చియాంగ్ మైలో కూర్చున్నట్టే.

చియాంగ్ మై నుంచి వచ్చిన వారానికే నేను తండాకు పోయి, బాటి నేర్పమని యాడిని అడిగాను. ఆమె ముందు నమ్మలేదు. కోడలితో ఏమైనా గొడవైందా అని అడిగింది.

చూడటానికి తేలికే. పచ్చజొన్న పిండి, వేడినీళ్లు, చిటికెడు ఉప్పు. గోధుమలో ఉండే సాగే గుణం జొన్నలో లేదు. అందుకే మరిగిన నీళ్లు పోసి, పిండి కొంచెం ఉడికినట్టయ్యాక అరచేతి మొదలుతో గట్టిగా రుద్దాలి. రుద్దడం చాలకపోతే అంచులు పగులుతాయి. పిండి పట్టించి చాలా రోజులైతే ఎంత రుద్దినా పగులుతుంది. ముద్దను పీట మీద పెట్టి, ఒక చేత్తో తడుతూ ఇంకో చేత్తో తిప్పాలి. తట్టే దెబ్బ మధ్యలో మెత్తగా, అంచున ఇంకా మెత్తగా పడాలి. పెనం మీద వేశాక తడిగుడ్డతో పై భాగం తుడవాలి. ఆ తడి ఆరేలోపు తిప్పాలి. చివరికి నిప్పుల పక్కన నిలబెడితే పొంగుతుంది. ఎన్ని నీళ్లు పోయాలి అని అడిగితే, "పిండి ఎంత అడిగితే అంత" అంది. చియాంగ్ మైలో చెంచాల లెక్క కాగితం మీద ఇచ్చారు. ఇక్కడ లెక్క ఆమె వేళ్లలో ఉంది. నా మొదటి బాటి మహారాష్ట్ర పటం లాగా వచ్చింది. రెండోది పెనం మీదికి పోయే దారిలోనే విరిగింది. మూడోది మా మేనల్లుడు తిన్నాడు, పందెం కట్టి.

ఆ రోజు యాడిని ఇంకో మాట అడిగాను. చిన్నప్పుడు తిన్న తుమ్మికూర వండుతావా అని. ఎక్కడిది, అంది. మా చెలక ఎనిమిదేళ్లుగా పత్తి. గడ్డి మందు కొడితే గడ్డితో పాటు తుమ్మి, దొగ్గలి, గునుగు అన్నీ పోయాయి. వంట వచ్చిన మనిషి ఉంది, వండటానికి ఆకు లేదు. వంట బడుల గురించి గొప్పగా చెప్పుకునేటప్పుడు ఎవరూ మాట్లాడనిది దీని గురించే. అఖాలకు కొండ వాలు పోయాక కొండ వరి రుచి ఎన్ని బడుల్లో నేర్పినా తిరిగి రాదు. మన ఝరాసంగం, న్యాల్‌కల్ మండలాల్లో 17 ఊళ్ల పరిధిలో 12,635 ఎకరాలు నిమ్జ్ పారిశ్రామిక మండలికి అనుకున్నారు. ఫ్యాక్టరీ వస్తే మీలో కొందరికి ఉద్యోగం రావచ్చు, నేను కాదనను. నేనూ ఫ్యాక్టరీల జీతంతో బతికేవాణ్నే. కానీ ఆ ఎకరాల లెక్క వేసేటప్పుడు గట్టు మీది పుంటికూరను, చెలకలో తనంత తానే మొలిచే కూరాకును ఏ కాలమ్‌లో రాస్తారు? వాటికి పట్టా లేదు, పరిహారం లేదు. వాటి పేర్లు తెలిసిన చివరి తరం ఇప్పుడు అరవై దాటింది.

మన కళల సంగతి కూడా ఆలోచించండి. అద్దాల పని, పూసల పని, ఘాగ్రా ఇప్పుడు ఫ్యాషన్ షోలకెక్కాయి. కర్ణాటకలోని సండూరు లంబాణీ కుట్టుకు భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. మంచిదే. మన బట్ట కట్టుకోవడానికి పట్నం వాళ్లకు అభ్యంతరం లేదు. మన సళోయి పేరు ఎత్తితే మాత్రం ముఖం పక్కకు తిప్పుతారు. మనమూ వాళ్లతో పాటు తిప్పుతున్నాం. రేపు ఎవరో స్టార్ హోటల్లో దానికి కొత్త పేరు పెట్టి చిన్న గిన్నెలో పోసి అమ్ముతారు, అప్పుడు మనం ఫోటో తీసుకుంటాం. అట్లా జరగకూడదంటే నేర్పేది మనవాళ్లే కావాలి. పేరూ మనది ఉండాలి, డబ్బూ ఆ చేతికే పోవాలి. అఖా ఆమె నాకు నేర్పినట్టు. జహీరాబాద్ బైపాస్ మీద బొంబాయి హైవే పోతోంది. కేతకీ సంగమేశ్వరుడి గుడికి శివరాత్రి జాతరకు జనం వస్తారు. జాతరలో మిర్చి బజ్జీ దొరుకుతుంది, నూడుల్స్ దొరుకుతాయి. తండా బాటి దొరకదు. ఎందుకు దొరకదో మీలో ఎవరైనా ఆలోచిస్తే బాగుండు.

అంత పెద్ద పని కాకపోయినా ఈ ఎండాకాలం సెలవుల్లో ఒకటి చేయవచ్చు. మీ నాయనమ్మ, అమ్మమ్మ దగ్గర కూర్చుని, ఆమెకు తెలిసిన ఆకుల పేర్లు గోర్ బోలిలో ఏమంటారో ఫోన్‌లో రికార్డు చేయండి. తెలుగు అక్షరాలతో రాసుకోండి. వండే పద్ధతి రాసేటప్పుడు నీళ్ల కొలత కోసం ఆమెను విసిగించకండి, పక్కన కూర్చుని చేయి కలపండి. మగపిల్లలకు ఇది ముఖ్యంగా చెప్తున్నాను. ఇన్నేళ్లూ ఆ చదువంతా ఆడవాళ్ల తల మీదే మోపి, అది పోతే సంస్కృతి పోయిందని సభల్లో మాట్లాడింది మనమే.

చివరగా ఆ రోజు సాయంత్రం సంగతి. నేర్చుకున్నది చూపిద్దామని యాడికి సపి థోంగ్ చేసి పెట్టాను. మా ఇంటి పాత రోట్లోనే దంచాను. టమాట, మిర్చి, వెల్లుల్లి, కొత్తిమీర, అంతా చియాంగ్ మైలో చెప్పినట్టే. ఆమె విరిగిన నా రెండో బాటి ముక్కతో అద్దుకుని తింది. ఎక్కడిది ఇది అని అడిగితే, అక్కడ కొండల మీద అఖాలని ఉన్నారు, వాళ్లది అని చెప్పాను. వాళ్లూ మన లాంటివాళ్లేనా అని అడిగింది. అవునన్నాను. ఇంకో ముక్క అద్దుకుని, కాసేపు నమిలి, "లూణ్ తక్కువైంది" అంటూ ఉప్పు డబ్బా నా వైపు జరిపింది.